వెలుగు కారని దోనె

నా నోరు మంచిది కాదని మా లంకలో అందరూ అంటారు. అననివ్వండి. నోరు మంచిదైతే పోయినవాడు తిరిగొస్తాడా? మీరు అడిగారు కాబట్టి చెబుతున్నాను. మధ్యలో అయ్యో పాపం అనకండి. ఆ మాట వింటే నాకు ఒళ్ళు మండుతుంది.

ఇది పోయినేడు వరద తీసిన నెలలో జరిగింది. యుద్ధం అప్పటికింకా మన వైపు రాలేదు. వస్తుంది, వస్తుంది అని ఏలూరు చేపల బజారులో అనుకుంటూ ఉండేవారు. ఇప్పుడు వచ్చేసిందట. మా నెత్తి మీదుగా అప్పుడప్పుడూ విమానాలు పోతూ ఉంటాయి. పిల్లలు పాకల్లోంచి బయటికి పరిగెత్తి చూస్తారు. నేను తలెత్తను.

నా పేరు సలోమి. మా ఆయన ఏసోబు, నాకు మేనమామ కొడుకు. పెళ్ళికి ముందూ బావే, తరవాతా బావే. కొల్లేట్లో మాది చిన్న లంక. చుట్టూ నీళ్ళు, తూడు, కిక్కిస గడ్డి. గట్టుకు వెళ్ళి ఉప్పూ చింతపండూ తెచ్చుకోవాలన్నా, పట్టిన చేపలు అమ్ముకోవాలన్నా, ఆదివారం ప్రార్థనకు వెళ్ళాలన్నా దోనె ఎక్కాల్సిందే. ఆఖరికి చచ్చినా దోనె కావాలి. లంకలో గొయ్యి తీస్తే రెండు మూరలకే నీళ్ళు ఊరతాయి. అందుకని మా సమాధుల దొడ్డి కూడా గట్టు మీదే ఉంది. దోనె లేనివాడు మా దగ్గర కాళ్ళు లేనివాడితో సమానం.

ముదిరిన పోతుతాటి చెట్టు మొదలు నరికి, నిలువునా చీల్చి, లోపలి బెండు తవ్వేస్తే దోనె. ఆ తవ్వే పని మా ఆయనకు బాగా వచ్చు, లంకలో అందరి దోనెలూ ఆయనే తవ్వేవాడు. కానీ లంకలో తాటిచెట్లు లేవు. ఉన్నవన్నీ పెదపాడు వైపు గట్టు మీద హనుమంతరావు గారివి. మేమిద్దరం ఒక పంటకాలమంతా ఆయన చేలో ఒళ్ళు హూనం చేసుకుంటే ఒక చెట్టు ఇచ్చారు. మళ్ళీ కావాలంటే మాత్రం ఇద్దరూ వచ్చి గట్టు మీద పాకలో ఉండి పాలేరుతనం చెయ్యండి, అప్పుడు చూద్దాం అన్నారు. ఆయన చెడ్డమనిషి కాదు. మెత్తగానే చెప్పారు. అయితే మా మావయ్య కూడా ఇలాగే ఒక చెట్టు కోసమని ఆ పాకలో చేరాడు, ఆ పాకలోనే పోయాడు. చెట్టు ఊసు మళ్ళీ ఎవరూ ఎత్తలేదు. ఆ పాక పేరు చెబితే మా ఆయనకు అన్నం సయించేది కాదు. దోనె ఉన్నంతకాలం లంకలో మా బతుకు మాది. దోనె పోతే ఆ పాకే గతి.

దోనె తవ్వడం అయిపోయాక మా ఇంట్లో ఒక పద్ధతి ఉంది. చీకటి పడే వేళకు దోనెను బోర్లించి, దాని కింద బుడ్డిదీపం పెడతాం. తాటిదుంగలో కంటికి కనపడని పగుళ్ళు ఉంటాయి. అవి ఉన్నచోట వెలుగు బయటికి కారుతుంది. నేను చుట్టూ తిరిగి, కారినచోటల్లా బొగ్గుతో గుర్తు పెడతాను. ఆయన అక్కడ గుగ్గిలం కాచి పోస్తాడు. కారకపోతే "చిల్లి లేదు బావా" అంటాను. ఆయన ప్రతిసారీ "సరిగ్గా చూశావా?" అని అడుగుతాడు. నాకు కోపం వస్తుంది. "కళ్ళు నావా, నీవా? నమ్మకం లేకపోతే నువ్వే తిరుగు" అంటాను. అయినా మళ్ళీ ఒకసారి తిరుగుతాను. గట్టు నుంచి తెచ్చుకునే ఖాళీ కిరసనాయిలు డబ్బాల్లోనూ అలాగే దీపం దించి చూసేవాళ్ళం. చిల్లి లేని డబ్బా నీళ్ళకు, చిల్లి ఉన్నది కోళ్ళకు. ఎప్పుడూ ఏమీ కాలేదు.

ఇంకొకటి కూడా ఉంది. కొత్త దోనెను నీళ్ళలోకి దించినప్పుడు తవ్వినవాడే ముందు ఎక్కాలి. మా తాతలనాటి మాట ఇది. బాప్తిస్మం తీసుకున్నాక చాలా వదిలేశాం గానీ ఇది వదల్లేదు. మా ఉపదేశి పేతురుగారు కూడా చూసీ చూడనట్టు ఊరుకునేవారు.

ఆ పొద్దున మేమిద్దరం ఒడ్డున కూర్చుని చేపలు పట్టే వెదురు మావులకు కొత్త బద్దలు కడుతున్నాం. దోనె ఎదురుగానే గుంజకు కట్టి ఉంది. తూర్పు వైపునుంచి విమానం చప్పుడు వినిపించింది. ఎప్పుడూ వచ్చే చప్పుడులా లేదు, ముసలాడు దగ్గినట్టు ఆగి ఆగి వస్తోంది. తలెత్తి చూస్తే చాలా కిందుగా ఉంది. రెక్క కిందనుంచి పొడుగాటిదేదో ఊడింది. కాకి రెట్టేసినట్టు వేసేసి, విమానం కాస్త పైకి లేచి, తన దారిన తను పోయింది.

పడ్డది తిన్నగా వచ్చి మా దోనె మీద పడింది. అంత కొల్లేరు ఉంది కదా, ఆ మూలనుంచి ఈ మూలకు పోవాలంటే పూట పడుతుంది కదా, దానికి మా దోనె తప్ప చోటు దొరకలేదు. దోనె నడుం విరిగి రెండు ముక్కలైంది. మూలిగే నక్క మీద తాటిపండు పడడమంటే ఇదే. లంకంతా బాంబు, బాంబు అంటూ కిక్కిసలోకి పరిగెత్తారు. నేనూ పరిగెత్తాను. మా ఆయన కదల్లేదు. పడ్డది నీళ్ళలో మునిగి, మళ్ళీ లేచి, పక్కకు దొర్లి నిలబడింది. ఆయన దానికేసే చూస్తున్నాడు.

"తేలుతోందే, సలోమీ" అన్నాడు.

విరిగిన దోనె కేసి ఆయన చూడనైనా లేదు. మొలలోతు నీళ్ళలోకి దిగి, ఆ వస్తువును తాడేసి ఒడ్డుకు లాగాడు. తెల్లటి లోహం, ఇనుము కాదు, మోస్తే తేలిగ్గా ఉంది. రెండు కొసలా సన్నం, మధ్యలో లావు. మనిషి పడుకుంటే ఇంకా మూరెడు మిగిలేంత పొడుగు. అటునుంచి ఇటుదాకా నిలువునా ఒక అతుకు ఉంది, రెండు దోనెలను మూతికి మూతి బోర్లించి అతికినట్టు. పైన పిడికిలి పట్టేంత కంత, దానికి మర మూత. మూత తిప్పితే గుప్పున వాసన కొట్టింది. లోపల ఏదో నూనె గలగలమంటోంది.

"కిరసనాయిలేమో" అన్నాను.

"కిరసనాయిలు కంటే పలచనగా ఉంది" అన్నాడు. వొంపేశాడు. నీళ్ళ మీద రంగులు రంగులుగా తేలింది. ఆ సాయంత్రం బాతులు ఆ వైపు రాలేదు.

మర్నాడు పేతురుగారు గట్టునుంచి వేరే వాళ్ళ దోనెలో వచ్చారు. మునసబు కోదండరామయ్యగారు చెప్పి పంపారట. దొరల విమానంలోంచి పడిన వస్తువును ఎవరూ ముట్టుకోకూడదు, ఏలూరునుంచి మనుషులు వచ్చి పట్టుకెళతారు అని.

"ఇలాంటిదే ఇంకొకటి గణపవరం అవతల చేలో పడిందటయ్యా. బండి కట్టించి తాడేపల్లిగూడెం స్టేషనుకు చేర్చి, రైలెక్కించేశారట" అన్నారు పేతురుగారు.

"చేను పాడైన రైతుకు ఏమిచ్చారండీ?" అని మా ఆయన అడిగాడు.

"ఏమిస్తారు? బండి కూడా ఆయనదే కట్టించారు."

మా ఆయన నవ్వాడు. "అయితే మా దోనె సంగతి ఎవరికి చెప్పుకోవాలండీ?"

"ప్రార్థన చెయ్యి" అన్నారు పేతురుగారు. ఆయన మాత్రం ఏం చెప్పగలరు?

ఆయన వెళ్ళిపోయాక మేమిద్దరం దాని పక్కన కూర్చున్నాం. నేనేమీ అనకముందే మా ఆయన అతుకు మీద వేలు పెట్టి కొస దాకా రాసుకుంటూ పోయాడు. ఆ చూపు నాకు తెలుసు. తాటిచెట్టును నరికే ముందు కూడా అలాగే చూస్తాడు.

"దీన్ని అతుకు వెంట చీలిస్తే రెండు దోనెలు" అన్నాడు.

"వాళ్ళొచ్చి అడిగితే?"

"తవ్వేసిన దుంగను మళ్ళీ చెట్టు చెయ్యమని ఎవరడుగుతారు? మా దోనె విరగ్గొట్టారు, అందుకు ఇది తీసుకున్నాం అంటాను. తిడితే పడతాను."

"తన్నితే?"

"తన్నితే నువ్వున్నావుగా, నీ నోటికి దొర కూడా జడుస్తాడు."

నువ్వు వద్దనాల్సింది కదా అని తరవాత కొందరు నాతో అన్నారు. నేనెందుకు వద్దంటాను? దోనె నాకూ కావాలి. ఆ పాకలో ఉండడం నాకు మాత్రం ఇష్టమా? ముట్టుకోవద్దు అనే మాటకు మా వైపు ఎప్పుడూ ఒకటే అర్థం, అది మాకు దక్కదని. చెరువులో చేపను ముట్టుకోవద్దు, గట్టు మీద మట్టను ముట్టుకోవద్దు, కాలవలో నీటిని ముట్టుకోవద్దు. ముట్టుకుంటే ప్రాణం పోతుందని ఎవరూ ఎప్పుడూ అనలేదు. అప్పుడూ అనలేదు.

మూత తీసి దాన్ని ఎండలో పెట్టాడు. సాయంత్రానికి వాసన తగ్గిందన్నాడు. నాకూ తగ్గినట్టే అనిపించింది. అయితే చీల్చబోయే ముందు ఒకటి తేలాలి. అంత పైనుంచి పడింది, సొట్టలు పడ్డాయి, ఎక్కడైనా పగిలిందేమో. పగిలిన దుంగకు ఉలి పెట్టడం దండగ. అందుకని పొద్దు గుంకాక, మామూలుగా చేసినట్టే, బుడ్డిదీపం వెలిగించి దాన్ని తాడుతో కంతలోంచి లోపలికి దించుదామని కూర్చున్నాడు. నేను చుట్టూ తిరగడానికి లేచాను.

"బొగ్గేదే?" అన్నాడు.

"పొయ్యిలో ఉంది."

"తెచ్చుకో మరి. వెలుగు కారితే నాలుకతో గుర్తు పెడతావా?"

"నా నాలుక జోలికి రాకు" అని విసుక్కుంటూ పాకలోకి వెళ్ళాను. పొయ్యి ముందు వంగి, బూడిద కెలికి, మంచి ముక్క ఏరుకున్నాను. అప్పుడు చప్పుడైంది.

ఆ చప్పుడు ఎలా ఉందని అందరూ అడుగుతారు. నాకు గుర్తు లేదు. పాక గోడ నా మీదికి వచ్చి మళ్ళీ వెనక్కి పోయినట్టు ఉంది, అంతే. బయటికి వచ్చాను. మనుషులు పరిగెత్తుకొస్తున్నారు, నోళ్ళు తెరుచుకుని ఉన్నాయి, మాటలు మాత్రం వినపడడం లేదు. పక్క పాకలో ఉండే సరోజ నన్ను రెండు చేతులా వాటేసుకుంది. వాటేసుకున్నట్టు కూడా నాకు తెలియలేదు. మా ఆయన మొహం చూడనివ్వలేదు, గోనెపట్టా కప్పేశారు. చేతులు మాత్రం బయటే ఉన్నాయి. చేతులకు ఏమీ కాలేదు. గోళ్ళలో వెదురు పీచు అలాగే ఉంది. నేను ఆ చేతుల వైపే చూస్తూ కూర్చున్నాను.

ఏడవమన్నారు. ఏడిస్తే తేలికపడతావన్నారు. నాకు ఏడుపు రాలేదు. కాలికి తిమ్మిరెక్కితే గిల్లినా తెలియదు కదా, ఒళ్ళంతా అలా ఉంది. ఎవరో గంజి తెచ్చి పెడితే తాగేశాను. ఉప్పు వేశారో లేదో కూడా తెలియదు. మొగుడు పోతే గంజి తాగింది చూడు అని ఒకావిడ అంది. అననివ్వండి. అప్పుడు రాయి ఇచ్చినా మింగేదాన్ని.

తెల్లవారుతుండగా పేతురుగారు వచ్చారు. గట్టు మీద గొయ్యి తీయిస్తున్నాననీ, పెట్టెకు పలకలు దొరకలేదనీ, చాపలో చుట్టి సరోజ వాళ్ళ దోనెలో తీసుకెళదామనీ చెప్పారు. అప్పుడు నేను లేచి, ఆ పగిలినదాన్ని చూశాను. అది సరిగ్గా అతుకు వెంటే విచ్చుకుంది. ఆయన ఉలితో చెయ్యాలనుకున్న పని ఉలి లేకుండానే అయిపోయింది. పైముక్క మెలితిరిగి కిక్కిసలో పడి ఉంది. కిందిముక్క ఉన్నచోటే ఉంది, అంచులు చిరిగాయి గానీ ఒళ్ళు నిలిచింది. చూడ్డానికి దోనెలాగే ఉంది.

"దీన్ని పాకలోకి పట్టండి" అన్నాను.

ఎందుకని ఎవరూ అడగలేదు. నాకు మతి పోయిందనుకున్నారేమో. పాకలో బోర్లించి పెట్టించి, బుడ్డిదీపం ఆయనతోనే పోయింది కాబట్టి సరోజ వాళ్ళ దీపం అడిగాను. సరోజ ఇవ్వడానికి భయపడింది. "అది విచ్చుకుపోయి ఉంది, ఇంక పేలడానికేముంది?" అన్నాను. తలుపు చేరవేసి, దీపం కింద పెట్టి, చుట్టూ తిరిగాను. బొగ్గు నా చేతిలోనే ఉంది. రాత్రంతా చేతిలోనే ఉన్నట్టుంది, అరచేయి నల్లగా అయిపోయింది. కొసనుంచి కొసకు చూశాను. ఎక్కడా వెలుగు కారలేదు.

"చిల్లి లేదు బావా" అన్నాను.

పైకే అన్నాను. ఎప్పుడూ అనే మాట కదా, నోటికి వచ్చేసింది. తరవాత కాసేపు నిలబడ్డాను. సరిగ్గా చూశావా అని ఎవరూ అడగలేదు. అయినా మళ్ళీ ఒకసారి తిరిగాను.

ఆయన్ని అందులోనే తీసుకెళతానంటే పేతురుగారు ఒప్పుకోలేదు. "అమ్మా, అది యుద్ధం సామాను. మనిషిని చంపిన వస్తువు. అందులో ఎక్కించి సమాధికి తీసుకెళితే నలుగురూ ఏమనుకుంటారు?" అన్నారు.

"తవ్వినవాడే ముందు ఎక్కాలండీ" అన్నాను.

 పేతురుగారే వచ్చి తల వైపు పట్టారు. మా ఆయన అందులో సరిగ్గా సరిపోయాడు, కాళ్ళ దగ్గర మూరెడు మిగిలింది. ఒరిగిపోకుండా పక్కన సరోజ వాళ్ళ దోనెను తాళ్ళతో కట్టారు. వెనక నేను కూర్చుని తెడ్డు వేశాను. ఎప్పుడూ వెనక ఆయన, ముందు నేను. ఆ రోజు తిరగబడింది. మనిషి బరువు ఉండబట్టి దోనె నీళ్ళలో బాగా కూర్చుంది, తిన్నగా నడిచింది. మంచి దోనె అనిపించింది. ఆ వేళ అలా అనిపించొచ్చా అంటే నాకు తెలియదు. అనిపించింది.

గట్టు మీద మునసబుగారు, ఆయన పక్కన ఒక దొర, ఏలూరు ఆఫీసునుంచి వచ్చిన ప్రసాదరావు గారనే గుమాస్తా నిలబడి ఉన్నారు. ఎడ్లబండి కూడా తెచ్చుకున్నారు, దాన్ని వేసుకుపోవడానికే. దోనె దగ్గరికి వచ్చాక లోపల ఏముందో చూసి దొర టోపీ తీశాడు. కుర్రవాడే. ప్రసాదరావు గారితో ఏదో అన్నాడు.

"దొరగారు చాలా విచారిస్తున్నారమ్మా" అన్నారు ప్రసాదరావు గారు.

"ఏంటండీ ఇది?" అని అడిగాను. అప్పటిదాకా దాని పేరు కూడా మాకు తెలియదు.

"పెట్రోలు టాంకమ్మా. యుద్ధ విమానాలు దూరం వెళ్ళాలంటే లోపలి పెట్రోలు చాలదు. అందుకని అదనంగా రెక్కల కింద ఇలాంటివి కట్టుకుంటారు. ఆ రోజు ఇంజను సరిగ్గా పనిచెయ్యలేదట. బరువు తగ్గితే గాని ముందుకు పోలేని పరిస్థితి. మీట లాగి వదిలేశారు. ఒకటి వెంటనే గణపవరం అవతల ఊడింది, రెండోది ఇరుక్కుని ఇక్కడ ఊడింది."

"కింద ఎవరున్నారో చూసుకోరాండీ?"

"పైనుంచి చూస్తే నీళ్ళే కనిపిస్తాయమ్మా." ఆయన గొంతు తగ్గించారు. "పెట్రోలు పారబోసినా లోపల ఆవిరి ఉంటుంది. కిరసనాయిలు లాంటిది కాదు. దానికి దీపం చూపకూడదు. అందుకే ముట్టుకోవద్దని చెప్పించాం."

"ముట్టుకోవద్దనే చెప్పించారండీ. ఎందుకో చెప్పించలేదు."

ప్రసాదరావు గారు మునసబుగారి వైపు చూశారు. మునసబుగారు బండి వైపు చూశారు. దొర వంగి, చిరిగిన అంచులు వేలితో తడిమి, తల అడ్డంగా ఆడించి నాలుగు మాటలు అన్నాడు.

"అతుకు విచ్చుకున్నాక ఇది దేనికీ పనికిరాదటమ్మా. మీరే ఉంచుకోవచ్చట" అన్నారు ప్రసాదరావు గారు.

"బాగుంటే?"

"బాగుంటే తీసుకెళ్ళాల్సిందే కదమ్మా. సర్కారు వస్తువు."

ఆ మాట నాకు నెమ్మదిగా ఎక్కింది. మా ఆయన దీపం దించకుండా ఉంటే బతికేవాడు. పొద్దున్నే వీళ్ళు వచ్చి టాంకును బండికెత్తుకుపోయేవాళ్ళు. మేమిద్దరం మూట సర్దుకుని ఆ పాకకు పోయేవాళ్ళం. ఆయన పోబట్టి దోనె మిగిలింది. నాకు అప్పుడు కోపం రావాలి. దొర టోపీ లాక్కుని కొల్లేట్లో విసరాలి. ఊరంతా జడిసే నోరు కదా నాది, ఆ వేళకు ఒక్క తిట్టు కూడా రాలేదు. "అలాగేనండీ" అన్నాను. మా ఆయన ఉంటే నవ్వేవాడు.

పాతిపెట్టడం అయింది. పేతురుగారు వాక్యం చదివారు, పాట పాడారు. మట్టి పోశాను. ఎంత మట్టి పోసినా ఇంకా గట్టున గుట్టగా మిగిలే ఉంది. మనిషి లోపలికి వెళితే ఆ మేర మట్టి బయటే ఉండిపోతుంది కదా. నేను ఆ గుట్టనే చూస్తూ నిలబడ్డాను.

హనుమంతరావు గారు గొడుగు వేసుకుని దూరంగా నిలబడి ఉన్నారు. అందరూ కదిలాక దగ్గరికి వచ్చారు.

"అమ్మాయ్, ఒక్కదానివి ఆ లంకలో ఎలా ఉంటావు? గట్టు మీద పాక ఖాళీగానే ఉంది. తిండికీ గుడ్డకీ లోటు రానివ్వను. ఆలోచించుకో" అన్నారు. మంచిగానే అన్నారు.

"దోనె ఉందండీ" అన్నాను.

ఆయన ఒడ్డునున్న ఆ తెల్లటి ముక్క వైపు చూశారు, నా వైపు చూశారు, గొడుగు సర్దుకుని వెళ్ళిపోయారు.

తిరిగి వెళ్ళేటప్పుడు తమ దోనెలో రమ్మని సరోజ చెయ్యి పట్టుకుంది. వస్తే నా దోనెను ఎవరు తెస్తారు? తాళ్ళు విప్పించి ఒక్కదాన్నే ఎక్కాను. వెనక కూర్చున్నానో లేదో ముక్కు పైకి లేచింది. తెడ్డు వేస్తే దోనె గిరగిర తిరుగుతోంది తప్ప ముందుకు పోవడం లేదు. తేలికైన లోహం, గుండ్రటి అడుగు, ముందు మనిషి లేడు. పేతురుగారు గట్టుమీదనుంచి చూసి, "ముందు బరువు పడాలమ్మా, ఉండు" అన్నారు. అటూ ఇటూ వెతికారు. రాయీ రప్పా ఏమీ లేవు, ఉన్నదల్లా మట్టే. సమాధి పక్కన మిగిలిన గుట్టలోంచి పెద్ద పెద్ద బెడ్డలు ఎత్తి, నలుగురూ కలిసి ముందు వైపు పేర్చారు. పేరుస్తున్నప్పుడు వాళ్ళకు తోచలేదు. అది ఏ గొయ్యి మట్టో పేర్చాక తోచింది. పేతురుగారు చేతులు దులుపుకుంటూ నా మొహం చూశారు.

"తీసేయించనా అమ్మా?" అన్నారు.

"వద్దండీ. ఉండనివ్వండి."

ముక్కు దిగింది. దోనె తిన్నగా నడిచింది. విమానం బరువు వదిలించుకుంటే గాని ముందుకు పోలేదట. నా దోనె బరువు లేకపోతే కదలదు. ఆ సంగతి ప్రసాదరావు గారితో చెబుదామనుకున్నాను, అప్పటికే వాళ్ళ బండి వెళ్ళిపోయింది.

ఏడాది అయింది. మావులు నేనే వేస్తున్నాను, చేపలు నేనే గట్టుకు తెస్తున్నాను. ఈ తెల్ల దోనెను చూడ్డానికి అవతలి లంకలనుంచి కూడా వస్తారు. ఎక్కడా చిల్లి పడలేదు. మా ఆయన గురించి అడిగితే ఇదిగో, ఇలా చెబుతాను. చెప్పినంతసేపూ వేరే ఎవరి సంగతో చెబుతున్నట్టు ఉంటుంది. ఏడుపు ఇంకా రాలేదు. వస్తే రానీ, రాకపోతే మానీ.

ముందు వైపు ఆ మట్టి అలాగే ఉంది. వాన పడితే కొంత కరిగి అడుగున బురదవుతుంది, తోడి పోసేస్తాను. తగ్గినంత మేరా లంక మట్టి బెడ్డలు వేస్తాను. మొన్నటి వానల్లో చాలా కరిగింది. ఇప్పుడు అందులో ఆ మట్టి ఎంతో, ఈ మట్టి ఎంతో నాకు తెలియదు. బరువు మాత్రం సరిపోతోంది.